మొఖం మారినా అమృతం మారలేదు

2001లో మా ధర్మసాగర్‌లో నేను కేబుల్ నడిపేవాణ్ని. డాబా మీద ఛత్రి, కింద ఇరుకు గది, స్తంభం నుంచి స్తంభానికి లాగిన నల్ల వైరు, అదే నా వ్యాపారం. ఏ సీరియల్‌కు ఎంత గిరాకీ ఉందో మా ల్యాండ్‌లైన్ మోగే తీరును బట్టి తెలిసేది. ఆదివారం రాత్రి ఎనిమిదిన్నరకు సిగ్నల్ తెగిందా, తిట్లు చెరువుకట్ట దాకా వినిపించేవి. అది జెమినీ టీవీలో ‘అమృతం’ వచ్చే వేళ.

ఒకసారి బిల్లు వసూలుకు పోతే ఒక అవ్వ నిలదీసింది.

“ఏం బిడ్డా, అమృతం మొఖం మారిందేంది? వైరు గిట్ల ఖరాబైందా?”

“వైరు మంచిగనే ఉందవ్వా. మనిషినే మార్చిండ్రు.”

“మారితే మారనీ తీ. ఆ ఇంటి ఓనరు అప్పాజీని మాత్రం మార్చొద్దని చెప్పు.”

ఆ మాట ఎవరికి చెప్పాలో నాకప్పుడు తెలియదు. చెప్పాల్సింది గుణ్ణం గంగరాజు గారికి. 1996లో ‘లిటిల్ సోల్జర్స్’ అనే పిల్లల సినిమా రాసి, తీసిన మనిషి. 2001 నవంబర్ 18న ‘అమృతం’ మొదలుపెట్టారు. ఆలోచన ఆయనదే, పెట్టుబడీ ఆయనదే. దర్శకుల కుర్చీలో చంద్రశేఖర్ యేలేటి, ఎస్.ఎస్. కాంచి, వాసు ఇంటూరి లాంటివాళ్లు కూర్చున్నారు. అమెరికాలో ఇలాంటివారిని షోరన్నర్ అంటారు. కథకు పెద్దదిక్కు, గల్లాపెట్టెకు కాపలా ఒకరే అన్నమాట.

ఆ పని ఎంత కష్టమో డైలీ సీరియల్‌తో పోల్చి చూడండి. రోజుకో ఎపిసోడ్ కావాలంటే కథను సాగదీయక తప్పదు. ఏడుపు, అనుమానం, మధ్యలో ఓ పెళ్లి ఉంటే నెలలు గడిచిపోతాయి. వారానికొకటైతే సాగదీతకు చోటుండదు. అరగంటలో ప్రకటనలు పోగా మిగిలిన కాసిని నిమిషాల్లోనే కథ పుట్టాలి, చిక్కుపడాలి, విడిపోవాలి. రాసేవాడికి ఖర్చు లెక్క కూడా తెలిస్తే ఇంకో లాభం ఉంది. ఓ ఇల్లు, అమృత విలాస్ హోటల్, నలుగురైదుగురు మనుషులు: చాలా కథలకు ఇవే సరిపోయాయి.

అమృతం వేషం మొదట శివాజీరాజాది. తర్వాత నరేశ్, ఆ తర్వాత హర్షవర్ధన్ వేశారు. మూడు మొఖాలు మారినా ఆదివారం రాత్రి నాకొచ్చే ఫోన్లు తగ్గలేదు. ఎందుకంటే అమృతం మనిషి కాదు, ఒక గుణం. వాడికో ఆలోచన పుడుతుంది. గుండు హనుమంతరావు వేసిన ఆంజనేయులు వద్దంటూనే వెనకాల నడుస్తాడు. చివరికి ఇద్దరూ మునుగుతారు. ఆ గుణం కాగితం మీద గట్టిగా ఉంది కాబట్టే ఏ నటుడొచ్చినా అందులో ఒదిగిపోయాడు.

ఆ సెట్ ఓ బడిలా కూడా పనిచేసింది. యేలేటి తొలి సినిమా ‘ఐతే’ను 2003లో గంగరాజే నిర్మించారు. దానికి ఉత్తమ తెలుగు చిత్రంగా జాతీయ పురస్కారం వచ్చింది. హర్షవర్ధన్ తర్వాత ‘మనం’ సినిమాకు మాటలు రాశారు.

2007 నవంబర్ 18న, సరిగ్గా ఆరేళ్లకు, 313 ఎపిసోడ్లతో సీరియల్ ఆగింది. జనం ఇంకా చూస్తుండగానే ఆపడం డైలీ సీరియళ్లకు చేతకాని పని. 2014లో గంగరాజే ‘చందమామలో అమృతం’ సినిమా తీశారు. అమృతానికి, ఆంజనేయులుకు కొత్తవాళ్లను తీసుకున్నారు. 2020 ఉగాదికి ‘అమృతం ద్వితీయం’ జీ5లో వచ్చేసరికి గుండు హనుమంతరావు లేరు. ఆ వేషం ఎల్బీ శ్రీరామ్ వేశారు.

నా కేబుల్ గది ఎప్పుడో మూతపడింది. మావాళ్లు పాత ఎపిసోడ్లు యూట్యూబ్‌లో చూసుకుంటున్నారు. లాక్‌డౌన్‌లో ఇంట్లో కూర్చుని నేనూ ఆ కొత్త భాగం పెట్టుకున్నా. ఇంటి అద్దె అడుగుతూ తెర మీదికి అప్పాజీ వచ్చాడు. సినిమాలోనూ, ఇక్కడా, ఆ వేషంలో ఎప్పుడూ అదే శివన్నారాయణ.

నీ మాట చెల్లింది అవ్వా. నేను చెప్పకుండానే.