పడని ఇద్దరు.. 245 రోజులు చాంపియన్లు! కేన్, డేనియల్ బ్రయాన్ ‘టీమ్ హెల్ నో’ అసలు కథ ఇదీ

2023 సెప్టెంబర్ 8. గచ్చిబౌలి ఇండోర్ స్టేడియం. డబ్ల్యూడబ్ల్యూఈ ‘సూపర్‌స్టార్ స్పెక్టాకిల్’ షో. మెయిన్ మ్యాచ్‌లో జాన్ సీనా, సేథ్ రోలిన్స్ ఒకే కార్నర్‌లో నిలబడ్డారు. ఎదురుగా ఇంపీరియం టీమ్ నుంచి లుడ్విగ్ కైజర్, జియోవన్నీ విన్సీ. మేడ్చల్, శామీర్‌పేట వైపు కుర్రాళ్లకు ఆ షో చూడాలంటే ఓఆర్ఆర్ ఎక్కి దుండిగల్, పటాన్‌చెరు మీదుగా చుట్టి రావాల్సిందే. అయినా సీనాను కళ్లముందు చూడటం అంటే మామూలు విషయమా! చిన్నప్పుడు ట్రంప్ కార్డ్స్‌లో సీనా కార్డు కోసం కొట్టుకున్న బ్యాచ్ కదా ఇది.

అయితే చాలామందికి అక్కడే ఓ డౌట్ వచ్చింది. రోలిన్స్, సీనా ఒకే టీమ్ ఏంటి? 2015 జులైలో రా షోలో మోకాలితో కొట్టి సీనా ముక్కు పగలగొట్టింది ఈ రోలిన్సే. ముక్కు నిజంగానే విరిగింది, అది స్క్రిప్ట్ కాదు. తర్వాతి నెల సమ్మర్‌స్లామ్‌లో సీనాను ఓడించి యూఎస్ టైటిల్ లాక్కున్నదీ ఇతనే. అలాంటి ఇద్దరు హైదరాబాద్‌లో చేతులు కలిపి గెలిచారు కూడా.

రెజ్లింగ్‌లో ఇది పాత ఫార్ములా. అస్సలు పడని ఇద్దరిని జోడీ కట్టడం. 1999లో ది రాక్‌ని, మ్యాన్‌కైండ్‌ని ఇలాగే కలిపి ‘రాక్ అండ్ సాక్ కనెక్షన్’ అన్నారు. ఒకరు స్టైల్‌కి బ్రాండ్, ఇంకొకరు చేతికి సాక్సు తొడుక్కుని తిరిగే మనిషి. ఆ జోడీ మూడుసార్లు ట్యాగ్ టైటిల్ కొట్టింది. కానీ ఈ ఫార్ములా మొత్తాన్ని ఒకే జోడీలో చూడాలంటే మాత్రం ‘టీమ్ హెల్ నో’ దగ్గరికి వెళ్లాలి. అంటే కేన్, డేనియల్ బ్రయాన్.

ముందు ట్యాగ్ టీమ్ అంటే..

టీమ్‌కి ఇద్దరు ఉంటారు. రింగ్‌లో ఆడేది ఒక్కరే. రెండోవాళ్లు తాడు బయట అంచు మీద నిలబడాలి. లోపలున్నవాడు చేతిని తాకితేనే బయటున్నవాడు రావాలి. లోపలికి దూరినవాడు రిఫరీ ఐదు లెక్కపెట్టేలోపు బయటికి పోవాలి. రూల్ ఇంతే. కానీ కథంతా ఈ రూల్‌లోనే ఉంది. లోపలున్నవాడు చావుదెబ్బలు తింటూ పార్ట్‌నర్ వైపు పాకుతుంటాడు. చెయ్యి అందుతుందా, లేదా? ప్రాణ స్నేహితులైతే ఆ చెయ్యి అందుతుందని ముందే తెలిసిపోతుంది. పడని ఇద్దరైతే.. అసలు వాడు చెయ్యి చాపుతాడా అన్నదే సస్పెన్స్. రెజ్లింగ్‌లో ఎవరు గెలవాలో ముందే డిసైడ్ అవుతుంది, ఆ సంగతి ఇప్పుడు స్కూల్ పిల్లలకూ తెలుసు. అయినా జనం చూస్తున్నారంటే, చూసేది రిజల్ట్ కోసం కాదు, ఈ టెన్షన్ కోసమే.

ఒకడు ఏడడుగులు, ఇంకొకడు..

కేన్ అసలు పేరు గ్లెన్ జేకబ్స్. 1997 అక్టోబర్‌లో ‘బ్యాడ్ బ్లడ్’ షోలో ఎర్ర మాస్కుతో వచ్చి, అండర్‌టేకర్ ఉన్న కేజ్ తలుపు పీకేసి అడుగుపెట్టాడు. కథ ప్రకారం అండర్‌టేకర్‌కి తమ్ముడు, చిన్నప్పుడు మంటల్లో కాలిపోయినవాడు. ఎత్తు ఏడడుగులని అనౌన్స్ చేసేవాళ్లు. చేతులు కిందికి దించితే రింగ్ నాలుగు మూలలా మంటలు లేచేవి. మన దగ్గర పిల్లలు రాత్రిళ్లు తలుచుకుని భయపడిన క్యారెక్టర్.

బ్రయాన్ దీనికి పూర్తి రివర్స్. అసలు పేరు బ్రయాన్ డేనియల్సన్. కేన్ కంటే 14 ఏళ్లు చిన్న. రింగ్ ఆఫ్ ఆనర్ లాంటి చిన్న కంపెనీల్లో ఏళ్ల తరబడి ఆడి, టెక్నిక్‌తో పేరు తెచ్చుకున్నాడు. కండలు తక్కువ, ఎత్తు తక్కువ. డబ్ల్యూడబ్ల్యూఈలో ఇలాంటోళ్లకి పెద్ద ప్లేస్ దొరకడం ఆ రోజుల్లో కష్టమే. 2012 ఏప్రిల్ 1న రెసిల్‌మేనియా 28లో వరల్డ్ హెవీవెయిట్ చాంపియన్‌గా రింగ్‌లోకి వచ్చాడు. గర్ల్‌ఫ్రెండ్ ఏజే లీకి ముద్దు పెట్టి ఇటు తిరిగేసరికి షేమస్ కిక్. 18 సెకన్లలో ఓడిపోయాడు. కెరీర్ అక్కడితో కామెడీ అయిపోవాల్సింది. కానీ మర్నాడు రా షోలో జనం ‘యెస్! యెస్!’ అంటూ గోల గోల. అది బ్రయాన్ వాడే మాటే. కథలో విలన్ కాబట్టి, ఆ అరుపులు తనని ఎగతాళి చేస్తున్నట్టు ఫీలై ‘నో! నో!’ అని తిరిగి అరిచేవాడు.

హగ్ చేసుకోండి.. లేదంటే!

ఆ ఎండాకాలమంతా ఏజే లీ చుట్టూ బ్రయాన్, కేన్, సీఎం పంక్ తిరిగిన కథ నడిచింది. ఆగస్టు 19న సమ్మర్‌స్లామ్‌లో కేన్‌ని బ్రయాన్ ఓడించాడు. మామూలుగా అయితే గొడవ అక్కడితో క్లోజ్. అప్పటికి రా జనరల్ మేనేజర్ అయిన ఏజే ఈ ఇద్దరినీ కోపం తగ్గించుకునే క్లాసులకు పంపింది. డాక్టర్ షెల్బీ అనే కౌన్సిలర్ ముందు కుర్చీలో కూర్చుని కేన్ తన కథ చెప్పుకున్న సీన్ ఇప్పటికీ యూట్యూబ్‌లో తిరుగుతోంది. జనాల్ని తగలబెట్టినవీ, కిడ్నాప్ చేసినవీ అన్నీ ఆఫీసు లీవ్ లెటర్ చదివినంత కూల్‌గా చెబుతాడు. బేస్‌బాల్ స్టార్ పీట్ రోజ్‌ని ఎందుకు వేధించాడో తనకే తెలియదట! పదిహేనేళ్లు భయపెట్టిన మనిషి ముఖంలో ఏ ఎక్స్‌ప్రెషన్ లేకుండా చెప్పేసరికి నవ్వు ఆగదు.

సెప్టెంబర్ 3న చికాగోలో ఇద్దరినీ రింగ్ మధ్యలో నిలబెట్టి హగ్ చేసుకోమన్నారు. చేసుకుంటారు, వెంటనే తోసుకుంటారు, మళ్లీ చేసుకుంటారు, మళ్లీ కొట్టుకుంటారు. చెప్పుకోవడానికి అందులో ఏమీ లేదు. చూస్తే మాత్రం హాలు మొత్తం ఊగిపోతోంది.

వారం తర్వాత, సెప్టెంబర్ 10న మాంట్రియల్‌లో ప్రైమ్ టైమ్ ప్లేయర్స్‌తో మ్యాచ్. అది నడుస్తుండగానే కామెంటరీ టేబుల్ దగ్గర జెర్రీ లాలర్ కుప్పకూలిపోయాడు. కార్డియాక్ అరెస్ట్. నిజమైనది. స్ట్రెచర్ మీద తీసుకెళ్లారు, లాలర్ బతికాడు. రింగ్‌లో మాత్రం మ్యాచ్ ఆపలేదు. ఏది కథ, ఏది నిజం అన్న గీత ఎంత సన్నగా ఉంటుందో ఆ రాత్రి చూసినోళ్లకి బాగా అర్థమైంది.

సెప్టెంబర్ 16న బోస్టన్‌లో ‘నైట్ ఆఫ్ చాంపియన్స్’. కోఫీ కింగ్‌స్టన్, ఆర్-ట్రూత్‌ని ఓడించి ట్యాగ్ టైటిల్స్ పట్టేశారు. గెలిచిన ఆనందం ఒక్క క్షణమే. చాంపియన్ నేనంటే నేనని బెల్టుల కోసం మళ్లీ గొడవ! టీమ్ పేరు కూడా వాళ్లు పెట్టుకోలేదు, ట్విట్టర్‌లో ఫ్యాన్స్ ఓట్లేశారు. ‘టీమ్ ఫ్రెండ్‌షిప్’, ‘టీమ్ టీమ్‌వర్క్’ కూడా పోటీలో ఉన్నాయి. జనం ‘హెల్ నో’కే గుద్దేశారు.

వీక్ లింక్ ఎవరు?

245 రోజులు టైటిల్ వాళ్ల దగ్గరే ఉంది. డిసెంబర్‌లో రైబ్యాక్‌తో కలిసి ఓ మ్యాచ్ ఆడి, అప్పుడే కొత్తగా దిగిన ‘ది షీల్డ్’ చేతిలో ఓడారు. ఆ ముగ్గురు రోమన్ రీన్స్, డీన్ ఆంబ్రోస్.. ఇంకా మన గచ్చిబౌలికి వచ్చిన సేథ్ రోలిన్స్. రెసిల్‌మేనియా 29లో డాల్ఫ్ జిగ్లర్, బిగ్ ఈ మీద టైటిల్ నిలబెట్టుకున్నారు. చివరికి 2013 మే 19న ఎక్స్‌ట్రీమ్ రూల్స్‌లో రోలిన్స్, రీన్స్ జంట బెల్టులు లాగేసుకుంది.

అసలు కథ మొదలైంది ఇక్కడే. టీమ్ ఓడటానికి తనే కారణమని అందరూ అనుకుంటున్నారన్న ఫీలింగ్ బ్రయాన్‌కి పట్టుకుంది. తను వీక్ లింక్ కాదని నిరూపించాలన్న పిచ్చి. వారం వారం ఎవరు ఎదురొస్తే వాళ్ల మీద విరుచుకుపడ్డాడు. సమ్మర్‌స్లామ్‌కి ఎవరితో ఆడాలో నువ్వే ఎంచుకో అని చాంపియన్ జాన్ సీనాకి చాన్స్ ఇస్తే, సీనా బ్రయాన్ పేరే చెప్పాడు. ఆగస్టు 18న లాస్ ఏంజెలెస్‌లో సీనాని క్లీన్‌గా ఓడించాడు బ్రయాన్. నిమిషాల్లోనే ట్రిపుల్ హెచ్ దెబ్బ, రాండీ ఆర్టన్ బెల్టు ఎగరేసుకుపోవడం.. అది వేరే కథ. 2014 ఏప్రిల్ 6న రెసిల్‌మేనియా 30లో ఒకే రాత్రి ముందు ట్రిపుల్ హెచ్‌ని, తర్వాత ఆర్టన్, బాటిస్టాలను దాటుకుని టైటిల్ గెలిచాడు. స్టేడియం మొత్తం ‘యెస్’.

కేన్‌తో కామెడీ చేసిన ఆ ఎనిమిది నెలలు లేకపోతే ఇది జరిగేదా? కష్టమే. 18 సెకన్లలో ఓడిన విలన్‌ని జనం తమవాడిగా చేసుకుంది ఆ టైంలోనే. పక్కన కొండలాంటి మనిషి ఉంటే చిన్నవాడి మొండితనం ఇంకా బాగా కనిపిస్తుంది. కేన్‌కీ లాభమే. మాస్కు మనిషిలో ఇంత టైమింగ్ ఉందని లోకానికి తెలిసింది.

గెలిచిన వెంటనే బ్రయాన్ మీదికి మళ్లీ పాత రాక్షసుడిగా కేన్‌నే వదిలారు. మేలో బ్రయాన్ టైటిల్ కాపాడుకున్నాడు కానీ మెడకి సర్జరీ, బెల్టు వదులుకోవాల్సి వచ్చింది. తర్వాత తలకి తగిలిన దెబ్బల వల్ల 2016 ఫిబ్రవరి 8న రిటైర్‌మెంట్ ప్రకటించాడు. అప్పటికి వయసు 34. రెండేళ్ల తర్వాత, 2018 మార్చిలో డాక్టర్లు ఓకే చెప్పారు.

అదే ఏడాది జూన్‌లో టీమ్ హెల్ నో మళ్లీ కలిసింది. జులై 15న బ్లడ్జన్ బ్రదర్స్ చేతిలో ఓటమి, అంతటితో ముగిసింది. కేన్‌కి ఇంకో పని ఉంది మరి. ఆగస్టు 2న టెన్నెసీలోని నాక్స్ కౌంటీ మేయర్ ఎన్నికల్లో గెలిచాడు. 2022లో రెండోసారీ గెలిచాడు. బ్రయాన్ 2021లో డబ్ల్యూడబ్ల్యూఈ వదిలి ఏఈడబ్ల్యూకి వెళ్లి, 2024లో లండన్ వెంబ్లీ స్టేడియంలో అక్కడి వరల్డ్ టైటిల్ కూడా కొట్టాడు.

మరి మన జోడీ?

గచ్చిబౌలి షోలోనే ఇంకో ట్యాగ్ మ్యాచ్ జరిగింది. కెవిన్ ఓవెన్స్, సామి జేన్ ఒకవైపు. మరోవైపు ‘ఇండస్ షేర్’, అంటే వీర్, సాంగా. వీర్ అసలు పేరు రింకూ సింగ్. ఉత్తరప్రదేశ్ కుర్రాడు. 2008లో ‘మిలియన్ డాలర్ ఆర్మ్’ రియాలిటీ షో గెలిచి అమెరికాలో బేస్‌బాల్ కాంట్రాక్ట్ కొట్టాడు. డిస్నీ దాని మీద సినిమానే తీసింది, మ్యూజిక్ ఏఆర్ రెహమాన్. సాంగా అంటే సౌరవ్ గుర్జర్. స్టార్ ప్లస్ ‘మహాభారత్’లో భీముడు ఇతనే. ఒకడు బంతి విసిరేవాడు, ఇంకొకడు గద పట్టినవాడు! టీమ్ హెల్ నో కంటే విచిత్రమైన జోడీ కావాల్సింది.

కానీ టీవీలో ఆ తేడా ఎక్కడుంది? ఇద్దరూ ఒకేలా భారీగా, ఒకేలా కోపంగా, జిందర్ మహల్ వెనుక నిలబడ్డారు. వీర్ సంగతి, భీముడి సంగతి కథలో పెద్దగా వాడుకోలేదు. ఇద్దరిలో ఎవరు చెయ్యి చాపుతారా అన్న టెన్షన్ లేదు, నవ్వూ లేదు. 2020లో ఎన్ఎక్స్‌టీలో కలిసి దిగినా, మధ్యలో విడదీసి వీర్‌ని రాకి పంపారు, 2022లో మళ్లీ కలిపారు. సొంత దేశంలో, హైదరాబాద్ జనం ముందు జరిగిన మ్యాచ్‌లోనూ గెలిచింది ఓవెన్స్, జేన్‌లే. ఆ షో అయి ఎనిమిది నెలలు కూడా తిరక్కుండానే, 2024 ఏప్రిల్‌లో వీర్, సాంగా, జిందర్ మహల్ ముగ్గురినీ డబ్ల్యూడబ్ల్యూఈ రిలీజ్ చేసేసింది.