రైలెక్కి బెజవాడ చూసొద్దాం

బంటుమిల్లి చుట్టుపక్కల ఊళ్ళ ఆడవాళ్ళలో బెజవాడ వెళ్ళనివాళ్ళు తక్కువ. జబ్బు చేస్తే ఆసుపత్రికి వెళ్తారు. మొక్కు ఉంటే దుర్గమ్మ కొండకు వెళ్తారు. పెళ్ళి కుదిరితే బట్టలకు వెళ్తారు. పని అయిపోగానే తిరిగి వచ్చేస్తారు. ఆ ఊళ్ళో ఇంకా ఏముందో చూసే తీరిక ఉండదు. అదీ ఎవరో ఒకరు వెంట తీసుకెళ్తేనే. వాళ్ళు ఎక్కమంటే ఎక్కాలి. దిగమంటే దిగాలి.

ఇప్పుడు చదువు వచ్చింది. బోర్డు చదవగలరు. టిక్కెట్టు మీద అంకెలు పోల్చుకోగలరు. విజయవాడ దగ్గర 1500 ఏళ్ళ నాటి గుహలు ఉన్నాయి. గొప్ప శిల్పాలు ఉన్నాయి. మన పొలాలకు నీళ్ళు పంపే ఆనకట్ట ఉంది. పొద్దున్నే బయలుదేరితే రాత్రికి ఇల్లు చేరవచ్చు. పదిమంది కలిస్తే ఈ ప్రయాణం కష్టం కాదు. అది ఎలాగో చూద్దాం.

కూలి పోతుంది కదా?

పోతుంది. ఒక రోజు కూలి పోతుంది. ఇంట్లో వంట ఎవరు చేస్తారని అడుగుతారు. "ఈ వయసులో ఊళ్ళు తిరగటం ఏమిటి?" అనేవాళ్ళూ ఉంటారు. ఇవి కొట్టిపారేసే మాటలు కావు. అందుకే ముందుగా కూర్చుని మాట్లాడుకోవాలి.

నాట్లు, కోతల రోజుల్లో ప్రయాణం పెట్టుకోకూడదు. ఎండాకాలంలో అసలు వద్దు. కొండ రాయి కాలిపోతుంది. సంక్రాంతి వెళ్ళాక, మినుము తీతకు ముందు కొంచెం తీరిక దొరుకుతుంది. అప్పుడు చల్లగా కూడా ఉంటుంది.

డబ్బు లెక్క కూడా ముందే రాసుకోవాలి. రైలు టిక్కెట్టు. ఆటో. గుహలకు, మ్యూజియానికి టిక్కెట్లు. గైడుకు ఇచ్చేది. చేతిలో ఉంచుకోవలసింది. ఇవి ఒకదాని కింద ఒకటి రాయాలి. కూడాలి. మొత్తాన్ని ఎంతమంది ఉన్నారో అంతమందికి పంచాలి. మూడు నాలుగు నెలలు కొంచెం కొంచెం పక్కన పెడితే భారం తెలియదు. పులిహోర, పెరుగన్నం కట్టుకుని వెళ్తే హోటలు ఖర్చు ఉండదు.

నోటి పేరు, బోర్డు పేరు

బంటుమిల్లికి రైలు లేదు. ముందు బస్సెక్కి పెడనకు గాని, గుడివాడకు గాని వెళ్ళాలి. ఆంధ్రప్రదేశ్‌లో 2025 ఆగస్టు 15న ఆడవాళ్ళకు ఆర్టీసీ పల్లెవెలుగు, ఎక్స్‌ప్రెస్ బస్సుల్లో ఉచిత ప్రయాణం మొదలైంది. ఆధార్ వంటి గుర్తింపు కార్డు చూపించాలి. కండక్టరు సున్నా టిక్కెట్టు ఇస్తారు. కాబట్టి కార్డు మర్చిపోకూడదు.

పెడనలో దిగినప్పుడే ఒక కళ మొదలవుతుంది. కలంకారీ అద్దకానికి పెడన పేరున్న ఊరు. టేకు చెక్క మీద పూలు, లతలు చెక్కుతారు. ఆ అచ్చును రంగులో ముంచి గుడ్డ మీద అద్దుతారు. గుడ్డను ముందు కరక్కాయ, గేదె పాలు కలిపిన నీళ్ళలో నానబెడతారు. ఇనుప ముక్కలు, బెల్లం ఊరబెట్టి నలుపు తీస్తారు. 400 ఏళ్ళ కిందట ఇలాంటి బట్టలు బందరు రేవు నుంచి ఓడల్లో దూర దేశాలకు వెళ్ళాయి. 1611లో ఇంగ్లీషువాళ్ళు బందరు వచ్చింది కూడా వ్యాపారం కోసమే.

బందరు, బెజవాడల మధ్య రైలు దారి 1908లో వచ్చింది. ఇక్కడ ఒక సంగతి గుర్తుంచుకోవాలి. నోటితో అనే పేరు వేరు. బోర్డు మీద రాసే పేరు వేరు. అందరూ "బెజవాడ" అంటారు. స్టేషనులో "విజయవాడ" అని ఉంటుంది. అందరూ "బందరు" అంటారు. బోర్డు మీద "మచిలీపట్నం" అని ఉంటుంది. ఈ రెండు పేర్లూ ముందే పలక మీద రాసి చూసుకుంటే తికమక ఉండదు.

ఇంకొక సంగతి. గుడివాడలో రైలు దారి చీలుతుంది. ఒకటి విజయవాడకు వెళ్తుంది. ఇంకొకటి భీమవరం వైపు వెళ్తుంది. పెడనలో ఆగిన ప్రతి బండీ విజయవాడ పోదు. బండి ఎక్కేముందు దాని మీద ఉన్న బోర్డు చదవాలి. మైకులో చెప్పేది వినాలి. అనుమానం ఉంటే అడగాలి. అడగటం చిన్నతనం కాదు.

టిక్కెట్టు చదవటం

టిక్కెట్టు చేతికి రాగానే మడిచి కొంగున కట్టేయకూడదు. అక్కడే నిలబడి చూడాలి. ఎక్కడి నుంచి? ఎక్కడికి? పెద్దలు ఎందరు? పిల్లలు ఎందరు? ఎంత డబ్బు? ఏ తేదీ? ఇచ్చిన డబ్బు, వచ్చిన చిల్లర సరిపోయాయా? తప్పు ఉంటే కిటికీ దగ్గరే చెప్పాలి. మామూలు పెట్టెలో 5 ఏళ్ళలోపు పిల్లలకు టిక్కెట్టు అక్కర్లేదు. 5 నిండి 12 లోపు ఉంటే సగం టిక్కెట్టు. ఇలా కొన్న మామూలు టిక్కెట్టుతో ఆలస్యం చేయకూడదు. పొద్దున కొన్న టిక్కెట్టుతో సాయంత్రం బయలుదేరితే చెల్లదు.

రైలు వేళలకు వేరే లెక్క ఉంది. రైల్వేవాళ్ళు రోజును 24 గంటలుగా రాస్తారు. మధ్యాహ్నం 12 దాటాక 1 అని రాయరు, 13 అని రాస్తారు. 17 అని ఉంటే అందులోంచి 12 తీసేయాలి. మిగిలింది 5. అంటే సాయంత్రం 5 గంటలు. 18:30 అంటే ఎన్ని గంటలు? సాయంత్రం ఆరున్నర. తిరుగు బండి పోయిందంటే చాలాసార్లు ఈ లెక్క తెలియకే.

బండి కదిలాక కిటికీ పక్కన కూర్చుని బోర్డులు చదవాలి. వడ్లమన్నాడు, కవుతరం, గుడ్లవల్లేరు, గుడివాడ. ఆ తర్వాత ఇందుపల్లి, ఉప్పలూరు, నిడమానూరు, రామవరప్పాడు. మన స్టేషన్లలో పేరు మూడు భాషల్లో ఉంటుంది. అందులో ఒకటి తెలుగు. ఒకరు చదవాలి, ఇంకొకరు పుస్తకంలో రాయాలి. ఇంకెన్ని స్టేషన్లు ఉన్నాయో ఎవరినీ అడగకుండానే తెలుస్తుంది.

విజయవాడ పెద్ద స్టేషను. 10 ప్లాట్‌ఫారాలు ఉన్నాయి. దిగగానే ఎవరి దారిన వాళ్ళు నడవకూడదు. ఒకామె దగ్గర అందరి పేర్ల పట్టీ ఉండాలి. ఎక్కినప్పుడు, దిగినప్పుడు పేర్లు పిలవాలి. ఐదుగురికి ఒక జట్టు పెట్టుకుంటే ఇంకా మంచిది. తప్పిపోతే ఎక్కడ కలుసుకోవాలో ముందే అనుకోవాలి. ప్రతి ఒక్కరి దగ్గరా చీటీ మీద ఒక ఫోను నంబరు ఉండాలి. రైల్లో ఏ ఇబ్బంది వచ్చినా 139కి ఫోను చేయవచ్చు.

కాలువకు తల ఎక్కడ?

పొద్దున్నే ఉండవల్లి వెళ్ళటం మంచిది. అప్పుడు ఎండ తక్కువ. దారిలో ప్రకాశం బ్యారేజి వస్తుంది. ఇక్కడ కాసేపు ఆగాలి.

బంటుమిల్లి కాలువలో పారే నీళ్ళు కృష్ణ నీళ్ళు. ఆ నీటిని కాలువలకు మళ్ళించేది ఇక్కడే. మొదట ఇక్కడ 1852 నుంచి 1855 వరకు ఆనకట్ట కట్టారు. ఆ ఆనకట్ట 1952లో తెగింది. తర్వాత కొత్తది కట్టారు. అది 1957లో పూర్తయింది. దానికి టంగుటూరి ప్రకాశం పంతులు పేరు పెట్టారు. పొడవు 1,223 మీటర్లు. అంటే కిలోమీటరు దాటి పావు. గేట్లు 70.

నారుమళ్ళకు నీళ్ళు రాకపోతే ఎంత కష్టమో బంటుమిల్లి ఆడవాళ్ళకు ఒకరు చెప్పక్కర్లేదు. వాళ్ళది కాలువ చివరి ప్రాంతం. ఆ కాలువకు తల ఎక్కడుందో కళ్ళతో చూస్తే నీటి లెక్క బాగా అర్థమవుతుంది.

కొండను తొలిచిన గుహలు

బ్యారేజి దాటితే గుంటూరు జిల్లా. అక్కడ ఉండవల్లి గుహలు ఉన్నాయి. దూరం నుంచి నాలుగు అంతస్తుల మేడలా కనిపిస్తాయి. కానీ అది కట్టిన మేడ కాదు. ఇటుక లేదు, సున్నం లేదు. కొండనే తొలిచి స్తంభాలు, గదులు, మెట్లు తీశారు. విష్ణుకుండిన రాజుల కాలం నాటివని చెప్తారు.

పై అంతస్తులో విష్ణుమూర్తి పడుకున్న పెద్ద విగ్రహం ఉంది. పాము పడగ కింద పవళించి ఉంటాడు. అది అతికించిన విగ్రహం కాదు. అంతా ఒకటే రాయి. గోడ కట్టేటప్పుడు తప్పు వస్తే పడగొట్టి మళ్ళీ కట్టవచ్చు. రాతి మీద ఉలి దెబ్బ తప్పితే మళ్ళీ అతకదు. ఎంత ఓర్పు ఉండాలి! ఎంత లెక్క తెలియాలి!

కొన్ని చోట్ల పని సగంలోనే ఆగిపోయింది. ఆ చోట్లు వదిలేయకూడదు. పూర్తయిన విగ్రహంలో దేవుడు కనిపిస్తాడు. పూర్తికాని రాతిలో పనివాడు కనిపిస్తాడు.

గుహల్లోకి వెళ్ళటానికి టిక్కెట్టు ఉంటుంది. 15 ఏళ్ళలోపు పిల్లలకు అక్కర్లేదు. మెట్లు ఎక్కాలి. మోకాళ్ళ నొప్పులున్నవాళ్ళు తొందరపడకూడదు.

గోడల మీద పేర్లు రాసేవాళ్ళు ఉంటారు. అక్షరాలు వచ్చాయి కదా అని రాతి మీద పేరు చెక్కకూడదు. అది నేరం. 2 ఏళ్ళ వరకు జైలు గాని, లక్ష రూపాయల వరకు జరిమానా గాని, రెండూ గాని పడవచ్చు. పేరు రాసుకోవటానికి పుస్తకం ఉంది.

గైడును ఏమడగాలి?

గైడు అంటే ఆ చోటు గురించి తెలిసి, తిప్పి చూపించే మనిషి. మాట్లాడుకునేటప్పుడే ఎంత తీసుకుంటారో అడగాలి. మనిషికా, జట్టు మొత్తానికా? ఎంతసేపు చూపిస్తారు? తెలుగులో చెప్తారా? ఇవి తేలాకే లోపలికి నడవాలి.

గైడు చెప్పేది వినాలి. కానీ తల ఊపుతూ వెనక నడిస్తే చాలదు. నాలుగు ప్రశ్నలు అడగాలి. ఇది ఎప్పటిది? ఎవరు చేయించారు? ఎవరు చేశారు? దేనితో చేశారు? తర్వాత అక్కడ ఉన్న బోర్డు ఒకామె పైకి చదవాలి. రెండూ కలుస్తున్నాయా?

ఇది ఎందుకంటే, కథ వేరు, చరిత్ర వేరు. విజయవాడలో దుర్గమ్మ కొండ కింద అక్కన్న మాదన్న గుహలు ఉన్నాయి. పేరు విన్నవాళ్ళు అక్కన్న మాదన్నలే వాటిని తొలిపించారనుకుంటారు. వాళ్ళు 17వ శతాబ్దంలో గోల్కొండ నవాబు తానీషా దగ్గర మంత్రులు. గుహలు అంతకు దాదాపు 1000 ఏళ్ళు ముందువి. పేరు తర్వాత వచ్చింది. చదివితే ఇలాంటి తేడా తెలుస్తుంది.

"ఎవరు చేయించారు?" అంటే రాజుల పేర్లు చెప్తారు. "ఎవరు చేశారు?" అంటే చాలాచోట్ల జవాబు ఉండదు. ఊళ్ళో బడి కట్టిన తాపీ మేస్త్రి పేరు గోడ మీద ఉండదు. ఇటుకలు మోసిన ఆడకూలి పేరు అసలే ఉండదు. ఉండవల్లిలోనూ అంతే. అయినా వాళ్ళ పని 1500 ఏళ్ళుగా నిలిచి ఉంది. నాటు వేసే చేతులు, కలంకారీ అద్దే చేతులు ఆ పనిని చూస్తే దాని విలువ వెంటనే పోల్చుకుంటాయి.

బందరు రోడ్డులో మ్యూజియం

అన్నాలు తిన్నాక బాపు మ్యూజియం చూడవచ్చు. అది విజయవాడలో బందరు రోడ్డు మీద ఉంది. ఈ మ్యూజియాన్ని బాగుచేసి 2020లో మళ్ళీ తెరిచారు. వారంలో ఒక రోజు సెలవు ఉంటుంది. ఏ రోజో ముందే కనుక్కోవాలి.

ఇక్కడ తెల్లని రాతి బుద్ధ విగ్రహం ఉంది. అల్లూరులో దొరికింది. గుహల కంటే కూడా పాతది. పాత శిల్పాలు, నాణేలు, కత్తులు కూడా ఉన్నాయి. ప్రతి వస్తువు పక్కనా చిన్న చీటీ ఉంటుంది. అన్నీ చదవలేకపోయినా ఫర్వాలేదు. నచ్చిన ఐదు వస్తువులు ఎంచుకుని వాటి చీటీలు నిదానంగా చదవాలి.

1921లో విజయవాడలో కాంగ్రెస్ సభలు జరిగాయి. గాంధీజీ వచ్చారు. అప్పుడే పింగళి వెంకయ్య ఆయనకు జెండా నమూనా చూపించారు. ఇప్పటి మూడు రంగుల జెండాకు అది తొలి రూపం. ఆయన సొంతూరు భట్లపెనుమర్రు. కృష్ణా జిల్లాలోనే, మొవ్వ మండలంలో ఉంది.

ఇల్లు చేరాక

తిరుగు బండికి గంట ముందే స్టేషనుకు రావాలి. పేర్ల పట్టీ తీసి మళ్ళీ పిలవాలి. ఇల్లు చేరాక ప్రయాణం అయిపోయినట్టు కాదు. మర్నాడు చదువుల కేంద్రంలో కూర్చుని అందరూ తలా నాలుగు మాటలు రాయాలి. ఖర్చు లెక్క చదివి వినిపించాలి. మిగిలిన డబ్బు ఎవరిది వాళ్ళకు ఇచ్చేయాలి. రాలేనివాళ్ళకు చూసింది చెప్పాలి.

ఒకసారి వెళ్ళొస్తే భయం పోతుంది. తర్వాత ఆసుపత్రికి వెళ్ళాలన్నా, పిల్లను కాలేజీలో చేర్చాలన్నా ఎవరి తీరిక కోసమూ ఎదురు చూడక్కర్లేదు. దారి తెలుసు. బోర్డు చదవటం తెలుసు. బండి వేళ తెలుసు.

మాట్లాడుకోండి, రాయండి

1. మీ ఊరి నుంచి దగ్గరి రైల్వే స్టేషను ఏది? దాని పేరు రాయండి.
2. తిరుగు బండి 19:15కి ఉంది. అంటే ఎన్ని గంటలకు?
3. 12 మంది వెళ్ళారు. అందరికీ కలిపి 3,000 రూపాయలు ఖర్చయింది. ఒక్కొక్కరికి ఎంత?
4. దివిసీమలో ఘంటసాల ఉంది. అక్కడ పాత బౌద్ధ స్తూపం ఉంది. అక్కడికి వెళ్తే గైడును మీరు అడిగే మొదటి ప్రశ్న ఏమిటి?