అగ్గిపెట్టె బొమ్మల్లో రంగుల లోకం
ఒంటరితనాన్ని మాటలు లేకుండా చెప్పే యానిమేషన్ లఘుచిత్రాలు

మణికొండ: ఐటీ కొలువుల నీడలో ఊరు కాస్తా నగరమైపోయిన చోటు మణికొండ. కొడుకూ కోడలూ గచ్చిబౌలికో, నానక్‌రాంగూడకో వెళ్లిపోయాక, పల్లె నుంచి వచ్చిన పెద్దలకు పగలంతా మిగిలేది బాల్కనీ ఒక్కటే. ఎదుటి ఫ్లాటు తలుపు మూసే ఉంటుంది. ఈ మౌనాన్ని పెద్ద సినిమాలు అరుదుగా పట్టించుకుంటాయి. పావుగంట నిడివి గల ఓ బొమ్మల చిత్రం మాత్రం 2006లోనే పట్టుకుంది.

ముంబయికి చెందిన గీతాంజలి రావు రూపొందించిన ‘ప్రింటెడ్ రెయిన్‌బో’లో ఒక వృద్ధురాలు, ఆమె పిల్లి తప్ప ఇంట్లో మరెవరూ ఉండరు. వారి దైనందిన జీవితం బూడిదరంగులో సాగుతుంది. ఆమె దాచుకున్న అగ్గిపెట్టెల బొమ్మల్లోకి అడుగుపెట్టగానే తెర రంగులమయమవుతుంది. ఒక్క సంభాషణ లేదు. బాధను పాత్ర చెప్పదు, రంగే చెబుతుంది. అదే ఏడాది కేన్స్ చిత్రోత్సవంలోని క్రిటిక్స్ వీక్ విభాగంలో ఈ చిత్రం మూడు పురస్కారాలు అందుకుంది.

హైదరాబాద్‌లో యానిమేషన్ అంటే పెద్ద సంస్థల్లో పదుల మంది కలిసి చేసే పని. 2008లో మొదలైన ‘ఛోటా భీమ్’ ఇక్కడిదే. ప్రయోగాత్మక చిత్రాల తీరు వేరు. సెకనుకు 24 ఫ్రేముల లెక్కన పావుగంటకు 21,600 ఫ్రేములు కావాలి. గీతాంజలి రావు ఈ చిత్రానికి బొమ్మలను చాలావరకు తానే గీశారు. ఏకాంతంపై చిత్రానికి ఏళ్ల తరబడి ఏకాంతమే పెట్టుబడి కావడం విచిత్రమే!

ఇరుగుపొరుగు సంగతి తేల్చిన చిత్రం ఇంకా పాతది. కెనడాలో నార్మన్ మెక్‌లారెన్ 1952లో తీసిన ‘నైబర్స్’లో ఇద్దరు పొరుగువారు సరిహద్దుపై పూసిన ఒక్క పువ్వు కోసం కొట్టుకుని చివరకు ప్రాణాలు తీసుకుంటారు. ఇందులో బొమ్మలు లేవు. నిజమైన మనుషులనే కీలుబొమ్మల్లా కొద్దికొద్దిగా కదుపుతూ ఒక్కో ఫ్రేమూ చిత్రించారు. దీన్ని పిక్సిలేషన్ అంటారు. మనిషి మనిషిలా కదలకపోవడమే ఇక్కడ వ్యాఖ్యానం. అపార్టుమెంటులో పార్కింగ్ స్థలం కోసం వాదులాడుకునే వారికి ఆ పువ్వు కొత్తగా తోచదు.

ఎనిమిది నిమిషాల ఈ ఆస్కార్ చిత్రాన్ని కెనడా జాతీయ చలనచిత్ర మండలి తన వెబ్‌సైట్‌లో ఉచితంగా ఉంచింది. ఇంగ్లిషు రాని పెద్దలూ చూడవచ్చు, ఇందులోనూ మాటల్లేవు.