భీం కథ ఎవరి నోట వినాలి?

జోడేఘాట్ గుట్టల్లో 1940లో నిజాం పోలీసుల తూటాలకు నేలకొరిగిన కొమురం భీం తెలుగు తెరకు కొత్తవాడు కాదు. అల్లాణి శ్రీధర్ 1990లోనే ‘కొమురం భీం’ తీశారు. నంది అవార్డు వచ్చినా, ఆ సినిమా థియేటర్లకు చేరేసరికి 2010 అయింది.

2022లో ‘ఆర్ఆర్ఆర్’ భీం పేరును ప్రపంచమంతా తిప్పింది. కానీ ఏ భీంను? అసలు భీం కొట్లాడింది నిజాం అటవీ అధికారులతో, పోడు భూముల కోసం. సినిమాలో భీం చివరికి రామరాజును అడిగేది చదువు. రామరాజు ‘జల్ జంగల్ జమీన్’ అని రాసిస్తాడు. ఆదివాసీ పోరాటపు నినాదాన్ని ఆదివాసీకే ఇంకొకరు దానం చేసినట్టయింది. విఠోబా అనే ముద్రాపకుడి దగ్గర భీం చదవడం, రాయడం నేర్చుకున్నాడని ఆయన జీవితకథ చెబుతుంది. సినిమా అంటే కల్పన ఉంటుంది, నిజమే. ఆ కల్పన ఎప్పుడూ ఒకే వైపు ఎందుకు వాలుతుందన్నదే ప్రశ్న. దళితులకూ ఇది తెలిసిన సంగతే. బాధ మనది, ఉద్ధరించే హీరో వేరొకడు.

దీనికి ఇంకో దారి ఉందని చూపినవాడు కెనడా ఉత్తర కొసన ఉన్న ఇగ్లూలిక్‌కు చెందిన ఇనుయిట్ దర్శకుడు జకారియాస్ కునుక్. తమ భాషలో కార్యక్రమాలు లేని టీవీ మాకొద్దని ఆ ఊరు 1970లలో రెండుసార్లు ఓటేసి తిప్పికొట్టింది. రాతిబొమ్మలు చెక్కే కునుక్ 1981లో వాటిని మాంట్రియల్‌లో అమ్మి వీడియో కెమెరా కొన్నాడు. 1990లో మిత్రులతో కలిసి ‘ఇసుమా’ సంస్థ పెట్టాడు. ఊరి పెద్దలు చెప్పిన పాత కథను వాళ్ల నోటనే రికార్డు చేసి, దాని మీద స్క్రిప్ట్ రాసుకున్నారు. అలా 2001లో వచ్చిన ‘అటనార్జుఅట్’ పూర్తిగా ఇనుక్టిటుట్ భాషలో తీసిన మొదటి కథాచిత్రం. కాన్స్‌లో తొలి సినిమాకు ఇచ్చే కెమెరా డి'ఓర్ దానికే దక్కింది.

ఆదిలాబాద్‌కు కథల కొరత లేదు. తోటీలు, ప్రధాన్‌లు కిక్రి వాయిస్తూ గోండు వంశాల గాథలు తరతరాలుగా పాడుతున్నారు. కేస్లాపూర్ నాగోబా జాతర, దండారీ, గుస్సాడీ ఉన్నాయి. గుంజాల ఊరి రాతప్రతుల్లో గోండీకి సొంత లిపి దొరికింది. మార్లవాయి గుస్సాడీ గురువు కనక రాజుకు 2021లో పద్మశ్రీ వచ్చింది. అంటే కళకు గౌరవం దొరుకుతోంది. కథ మీద హక్కు మాత్రం ఇంకా దొరకలేదు.

కెమెరా ఈరోజు ప్రతి విద్యార్థి జేబులో ఉంది. అందుకే ఏ సినిమా చూసినా నాలుగు ప్రశ్నలు అడుగుదాం. కథ చెప్పిందెవరు? ఏ భాషలో? ఎడిటింగ్ టేబుల్ దగ్గర కూర్చున్నదెవరు? వచ్చిన డబ్బు ఎవరికి పోయింది? మనం తీసేటప్పుడు కూడా, పాడే తోటి పెద్దమనిషిని ముందు అడిగి, ఆయన పేరు వేసి, ఆయన వాటా ఆయనకిచ్చి తీయాలి. భూమి మీద హక్కు కోసం భీం ప్రాణమిచ్చాడు. ఆయన కథ మీద హక్కు ఆయన జనానిదే.