గుడ్డతో చేసిన ఆకాశం

పిల్లలూ! మీరు మండువా ఇల్లు చూశారా? నడిమధ్య కప్పు ఉండదు, ఆకాశం కనిపిస్తుంది. ఎండ నేరుగా పడని వేళ కూడా అక్కడ మెత్తని వెలుగు పరుచుకుని ఉంటుంది. ఆ వెలుగులో నిలబడ్డ మనిషికి నల్లని నీడ పడదు. అటువంటి వెలుగును దీపాలతో తయారుచెయ్యడం ఎలా? 1956 లో ఒక పాతికేళ్ళ బెంగాలీ యువకుడికి ఈ చిక్కు ఎదురయింది. అతని పేరు సుబ్రత మిత్ర.

మిత్ర 1930 లో పుట్టాడు. కాలేజీ రోజుల్లోనే అతనికి కెమేరా పనిమీద మనసుపడింది. అప్పుడు జాఁ రెన్వార్ అనే ఫ్రెంచి దర్శకుడు "ది రివర్" అనే సినిమా తీయడానికి బెంగాలు వచ్చాడు. మిత్రకు అందులో పని దొరకలేదు. చూడడానికి మాత్రం అనుమతి దొరికింది. అతనికి అదే చాలు! ఏ దీపం ఎక్కడ పెట్టారు, కెమేరా ఎటు కదిలింది, నటులు ఎక్కడ నిలబడ్డారు, అన్నీ బొమ్మలు గీసి నోటుపుస్తకంలో రాసుకున్నాడు.

ఆ రోజుల్లో పరిచయమైన సత్యజిత్ రాయ్, తన మొదటి చిత్రం "పథేర్ పాంచాలి"కి మిత్రనే ఛాయాగ్రాహకుడుగా తీసుకున్నాడు. 1952 లో పని మొదలైనప్పుడు మిత్రకు 22 ఏళ్ళు. అంతకుముందు అతను సినిమా కెమేరా పట్టి ఎరగడు! ఆ చిత్రం 1955 లో విడుదలై దేశదేశాల మెప్పు పొందింది.

తరవాతి చిత్రం "అపరాజితో". కథలో అపూ అనే పిల్లవాడి కుటుంబం కాశీలో ఒక పాత ఇంట్లో కాపురం ఉంటుంది. ఇంటి నడుమ ముంగిలి, పైన ఆకాశం. ఘాట్లనూ, సందులనూ కాశీలోనే తీశారు. కాని వానలకు భయపడి, ఆ ఇంటిని మాత్రం కలకత్తాలో స్టూడియో కప్పు కింద కట్టారు. అక్కడ ఆకాశపు వెలుగు రాదని మిత్ర వాదించాడు. నిజం సందులోనుంచి అపూ ఇంట్లోకి రాగానే వెలుగు మారిపోతే, అది ఉత్త బొమ్మరిల్లని చూసేవాళ్ళు కనిపెట్టరూ?

అప్పట్లో స్టూడియో దీపాలను నేరుగా మనుషులమీదికి తిప్పడం వాడుక. నాలుగు దీపాలు తిప్పితే నాలుగు నీడలు! మిత్ర ఏం చేశాడంటే, ముంగిలిపైన తెల్లగుడ్డను చట్రానికి బిగించి కట్టించాడు. కింద దీపాలు పెట్టి, వాటి వెలుగు ఆ గుడ్డమీదికి తిప్పాడు. వెలుగు గుడ్డకు తగిలి, చెదిరి, మెత్తగా కిందికి దిగింది. గుడ్డే ఆకాశమయింది!

ఇందులో కిటుకేమిటో ఈ రాత్రి మీరే చూడవచ్చు. చీకటి గదిలో బల్లమీద ఒక గ్లాసు పెట్టి, పక్కనుంచి టార్చిలైటు వెయ్యండి. నల్లని నీడ పడుతుంది. ఇప్పుడు బల్లకు పైన తెల్లని దుప్పటి ఇద్దరిచేత పట్టించి, టార్చి వెలుగు దానిమీదికి వెయ్యండి. వెలుగు కొంచెం తగ్గుతుంది, కాని నీడ అంచులు కరిగిపోతాయి. ఎందుకంటే, టార్చి వెలుగు ఒకే చోటినుంచి వస్తుంది. గ్లాసు దానికి అడ్డుపడితే వెనక చీకటే. దుప్పటి వెడల్పయినది. ఒక పక్కనుంచి వచ్చే వెలుగుకు గ్లాసు అడ్డుపడినా, ఇంకో పక్కనుంచి వచ్చే వెలుగు ఆ చోటికి చేరుతుంది. ఆకాశం చేసే పని కూడా ఇదే.

మిత్ర 2001 లో కన్నుమూశాడు. చివరి సంవత్సరాల్లో ఆయన కలకత్తాలో, సత్యజిత్ రాయ్ పేరుగల సినిమా విద్యాలయంలో విద్యార్థులకు ఈ విద్యే నేర్పాడు.

రేపు పొద్దున కిటికీ దగ్గర కూర్చున్న మీ అమ్మ మొహంమీద వెలుగు ఎటునుంచి పడుతున్నదో చూసి, నోటుపుస్తకంలో బొమ్మ గీయండి. సాయంత్రం అక్కడే మళ్ళీ కూర్చోబెట్టి ఇంకొకటి గీయండి. రెండు బొమ్మలూ పక్కపక్కన పెట్టి, ఏమేం మారిందో ఆవిడకే చూపించండి.