ముందు కథ, తర్వాతే పాట

పాటల పోటీ కొత్త సీజన్ మొదలైందంటే, తొలి ఎపిసోడ్‌లో పాట వినడానికి కాస్త ఓపిక పట్టాలి. ముందు జడ్జీలు స్టెప్పులేస్తూ వస్తారు. ఆ తర్వాత కంటెస్టెంట్ ఊరు, ఇల్లు, నాన్న పడ్డ కష్టం, అమ్మ కన్నీళ్లు. ఇవన్నీ అయ్యాక ఒక పల్లవి. మన అదృష్టం బాగుంటే చరణం కూడా.

ఈ వరస ఐడల్ షోలతో బలపడింది. బ్రిటన్‌లో 2001లో వచ్చిన పాప్ ఐడల్‌ను చూసి అమెరికా ఫాక్స్ చానల్ 2002 జూన్ 11న అమెరికన్ ఐడల్ మొదలుపెట్టింది. తొలి వారాల్లో జనం చెప్పుకున్నది గొప్ప గొంతుల గురించి కాదు, శ్రుతి తప్పినవాళ్ల గురించీ, వాళ్లను జడ్జి సైమన్ కోవెల్ మొహం మీదే కడిగేయడం గురించీ. తెర మీద వేలమంది క్యూ కనిపిస్తుంది గానీ వాళ్లందరూ జడ్జీల దాకా రారు. షో బృందం ముందే వడపోస్తుంది. బాగా పాడేవాళ్లతో పాటు బాగా చెడగొట్టేవాళ్లనూ ఏరి లోపలికి పంపుతుంది. నవ్వులపాలయ్యే కుర్రాడు దారితప్పి వచ్చినవాడు కాడు, అందుకే ఎంపికైనవాడు. ఈ ఆట నాకెప్పుడూ నచ్చలేదు.

2004లో ఇండియన్ ఐడల్ వచ్చింది. రెండో సీజన్‌లో మన కారుణ్య రన్నరప్, 2010లో శ్రీరామచంద్ర ఏకంగా విజేత. 2022లో ఆహా ఓటీటీలో తెలుగు ఇండియన్ ఐడల్ మొదలైతే అదే శ్రీరామచంద్ర యాంకర్‌గా నిలబడ్డాడు. తమన్, నిత్యా మీనన్, కార్తీక్ జడ్జీలు. నెల్లూరమ్మాయి వాగ్దేవి గెలిచింది.

మనకైతే పాటల పోటీ అంతకు చాలా ముందే, 1996లోనే ఇంటికొచ్చింది. ఈటీవీ ‘పాడుతా తీయగా’లో ఎస్పీ బాలసుబ్రహ్మణ్యం నడిపించిన తీరే వేరు. పాట ఎత్తుకునే ముందు రాసిందెవరో, స్వరపరిచిందెవరో తెలియాలి. ‘శ’ను ‘స’ అన్నా, ‘ళ’ను ‘ల’ చేసినా పట్టుబడేవాళ్లు. పాట అయ్యాక ఆయన ఏ సంగతి జారిందో నవ్వుతూనే చెప్పి, తానే పాడి చూపించేవారు. పిల్లాడు తప్పు తెలుసుకుని వెళ్లేవాడు తప్ప తలదించుకుని కాదు. ఇంట్లో కూర్చున్న మనకు కూడా వినడం ఎలాగో కొంత పట్టుబడింది.

ఆ ఓర్పు ఊరికే రాలేదు. బాలు కూడా పోటీ నుంచి వచ్చినవారే. మద్రాసులో ఒక తెలుగు సంస్థ పెట్టిన పాటల పోటీలో ఆయన గొంతు విని మెచ్చిన సంగీత దర్శకుడు కోదండపాణి, తర్వాత ‘శ్రీశ్రీశ్రీ మర్యాద రామన్న’లో తొలి సినిమా పాట పాడించారు. ఆ గురువు పేరే బాలు తన రికార్డింగ్ థియేటర్‌కు పెట్టుకున్నారు. 2020లో ఆయన వెళ్లిపోయాక, కుమారుడు చరణ్ ‘పాడుతా తీయగా’ను అందుకున్నారు.

అలాగని పాత పద్ధతే ముద్దని పట్టుబట్టను. ఇప్పటి పిల్లలు మైకు ముందు బెదరరు, సౌండు బాగుంది, కెమెరాలు బాగున్నాయి. కొత్త సీజన్ తీసేవాళ్లను అడిగేది ఒక్కటే. కంటెస్టెంట్ ఇల్లు చూపించే నిమిషాల్లోంచి ఒకటి కోసి రెండో చరణానికి ఇవ్వండి. కన్నీళ్లకేం తొందర, ఫైనల్స్ దాకా ఎలాగూ వస్తూనే ఉంటాయి.