పాము కాని పాము: కాళ్లులేని నలికిరి

వేసవిలో పెంటదిబ్బను కదలించునప్పుడును, తొలకరికి వేరుసెనగ చేనిలో మడక సాగునప్పుడును, జానెడు పొడవున నున్నగా మెరయుచు మెలికలు తిరుగు జీవి యొకటి పైకి వచ్చుట తిరుపతి, చిత్తూరు జిల్లాల రైతులకు క్రొత్త గాదు. చూచిన వెంటనే "పాము" అని కేక. మరునిమిషమున పార దెబ్బ. ఇట్లు చచ్చువానిలో కొన్ని పాములే కావు. కొన్ని పాములైనను విషము లేనివి. వీనిని గూర్చి సంఘ సభ్యులకు కొంత తెలుపవలెనని యీ వ్యాసమును వ్రాయుచున్నాము.

గట్టుమీద ఎండ కాచుకొను నలికిరిని ఎరుగని రైతు లేడు. అది బల్లి జాతిది. దాని జ్ఞాతులలో కొన్నిటికి కాళ్లు అగ్గిపుల్ల ముక్కలవలె చిక్కిపోయినవి. అట్టివి గడ్డిలో తొందరగా పోవునప్పుడు కాళ్లను ప్రక్కలకు చేర్చుకొని పామువలెనే జారిపోవును. ఇంకొక మెట్టు దాటినచో కాళ్లే యుండవు. అట్టి నలికిరి మన తెలుగునాటనే, విశాఖపట్టణపు తీరమున కలదు. కంపెనీవారి కొలువులో నుండిన పాట్రిక్ రస్సెల్ 1796లో కోరమండల తీరపు పాములను గూర్చి ప్రకటించిన గొప్ప గ్రంథమునందు దీని బొమ్మను పాములతో కలిపియే అచ్చువేసెను. పండితుల పుస్తకములోనే పామైనప్పుడు పార పట్టిన రైతును తప్పుపట్టుట యెట్లు? 1917లో అన్నాండేలు అను జంతుశాస్త్రజ్ఞుడు చిల్కా సరస్సులోని బర్కుడా లంకయందు దీని వంటిదానినే కనుగొని, ఆ లంక పేరుననే యీ జాతికి "బర్కుడియా" అని నామకరణము చేసెను.

కాళ్లు ఏల పోయినవి? వదులు మట్టిలోను, రాలిన ఆకుల క్రిందను చొచ్చుకొని పోవు జీవికి కాళ్లు సాయము గాక అడ్డమగును. ఇసుకలో ఈదుదానికి పొడవైన వెన్నును, జారిపోవు చర్మమును కావలెను. అందువలన తరతరములుగా వెన్నుపూసలు పెరిగినవి, కాళ్లు కుంచించుకొని పోయినవి. ఈ మార్పు ఒక్కమారు కాక, లోకమున పలుచోట్ల వేరువేరుగా జరిగినది. ఆస్ట్రేలియాలో ఒకే కుటుంబపు నలికిరులలో అయిదు వ్రేళ్లు గలవి, మూడు గలవి, రెండు గలవి, కాళ్లే లేనివి అన్నియు నేటికిని కానవచ్చును. ఇంగ్లండు దేశమునను కాళ్లులేని బల్లి యొకటి కలదు. దాని శరీరములోపల భుజముల యెముకల శేషములు ఇంకను మిగిలియున్నవి. అచ్చటి తోటమాలులు అది నత్తజాతి పురుగులను తినునని దానిని మిత్రునిగా నెంచుదురు.

గుర్తులు తెలిసికొనుట మంచిది. పాముకు రెప్పలు లేవు. బల్లి జాతివానిలో పెక్కింటికి కదలు రెప్పలు కలవు. పాము నాలుక చీలి బయటికి ఆడుచుండును. నలికిరి నాలుక వెడల్పు, కొనయందు చిన్న నొక్కు మాత్రమే. పెక్కు పాములకు కడుపు క్రింద అడ్డపట్టెలుండును. నలికిరికి వీపుమీది పొలుసులే చుట్టును ఉండును. అయితే ఈ పరీక్షకై ఎవ్వరును చేయి చాపరాదు. కట్లపాము, చిన్నపింజరి మన పొలములలో నున్నవే. సందేహమైనచో దూరముగ నిలిచి దానిని పోనిండు.

పెంటదిబ్బలో మనకు దొరకు ఎర్రయంత నల్లని జీవి మాత్రము నిజముగ పామే, అది గుడ్డిపాము. కన్నులు పొలుసు క్రింద చుక్కలు. చెవిలో దూరునని పల్లెలలో భయపడుదురు గాని, దానికి కావలసినవి చీమల, చెదల గ్రుడ్లును పిల్లలును. ఇందులో మగవి లేవు. ఆడది ఒంటరిగనే గ్రుడ్లు పెట్టును. ఒక్కటి పూలకుండీ మట్టిలో ఓడ యెక్కినను చాలును గనుక, అమెరికా వరకు వ్యాపించినది. చెద పుట్టలతో వేగు మనకు ఇంతకన్న ఉచితపు కూలి దొరకడు.

రెండు తలల పామును గూర్చి ఒక హెచ్చరిక. దాని రెండవ తల తోకయే, మొద్దుగా నుండుటచే తలవలె తోచును. ఆరు నెలలు ఇటు, ఆరు నెలలు అటు నడచుననుట కల్ల. ఇది ఎలుకలను తిని పంటను కాచును. దీనిని తక్కెడలో తూచి లక్షలిచ్చెదమని దళారులు బయానా గుంజుకొని మాయమగుచున్నారు. 1972 నాటి వన్యప్రాణి సంరక్షణ చట్టము ప్రకారము దీనిని పట్టుటయు, అమ్ముటయు నేరములు. పోయిన బయానాకై ఫిర్యాదు చేయబోయిన రైతే నేరస్థుడై నిలుచును.

మామిడి తోపులలో రాలిన ఆకునంతయు తగులబెట్టక, చెట్ల మొదళ్ల చుట్టు కొంత విడుచుడు. నేలకు పదును నిలుచును, వీనికి తావు దొరకును. మడకకు తోక తెగిన నలికిరి కనబడినచో మట్టితోకూడ పారతో ఎత్తి గట్టు నీడన వదలిన చాలును. కొన్ని నెలలకు తోక మరల మొలచును. మొదటిదానికన్న కొంచెము పొట్టిగ నుండును.